బస్టాండులో ఎదురుచూపును వీడియోగా తీయడం ఎలా?

ప్రయాణికుల మీద వీడియో ఆర్ట్ అనగానే చాలామంది కదిలే బస్సుల వెంట పడతారు. బస్సును ఎవరైనా తీస్తారు. అది వచ్చేదాకా కూర్చున్న మనిషిని తీయడంలోనే ఉంది పనితనమంతా. అందుకు హనుమకొండ బస్టాండు మంచి చోటు. ములుగు, పరకాల, నర్సంపేట బస్సుల కోసం జనం అక్కడ కనిపెట్టుకుని ఉంటారు.

ముందుగా బస్టాండు కార్యాలయంలో అనుమతి అడగండి. కాజీపేట జంక్షన్‌లో తీయాలంటే రైల్వే వారి అనుమతి వేరే కావాలి.

వెంటనే కెమెరా తీయకండి, కాసేపు ఊరికే కూర్చోండి. బస్సు వచ్చి ఆగగానే బెంచీ మీది తలలన్నీ బోర్డు వైపు తిరుగుతాయి. సగం లేచిన పెద్దాయన తన ఊరి బస్సు కాదని తెలిసి మళ్లీ కూలబడతాడు. కానీ ఒళ్లోంచి భుజానికెక్కిన సంచి మాత్రం అక్కడే ఉండిపోతుంది. తీయాల్సింది ఆ సంచినే. ముఖాలు అక్కర్లేదు, చేతులూ చెప్పులూ చాలు. ముఖం తప్పదనుకుంటే ఆ మనిషిని అడిగి తీయండి.

ఇక అసలు కిటుకు. ఫోనును స్టాండుకు బిగించి, ఫోకస్, వెలుతురు రెండూ లాక్ చేయండి. కెమెరా సెట్టింగులను మనమే మార్చుకునే ప్రో మోడ్‌లో షట్టర్‌ను, అంటే ఒక్కో ఫొటోకు వెలుగు లోపలికి వచ్చే సమయాన్ని, అర సెకనుకు పెట్టి, ఐదు సెకన్లకొక ఫొటో వచ్చేలా చూడండి. నడిచేవాళ్లు పొగలా చెదిరిపోతారు, కదలకుండా కూర్చున్నవాళ్లు మాత్రం స్పష్టంగా నిలుస్తారు. పట్టపగలు ఇలా తీస్తే ఫొటో తెల్లగా పాలిపోతుంది కాబట్టి, పొద్దుగూకి ట్యూబులైట్లు వెలిగాక మొదలుపెట్టండి. గంటకు 720 ఫొటోలు వస్తాయి. సెకనుకు 25 చొప్పున కూర్చితే దాదాపు 29 సెకన్ల వీడియో అవుతుంది. నిడివి ఇంకా కావాలంటే ఇంకో గంట కూర్చోవాలి, దీనికి దగ్గరి దారి లేదు!

మామూలు వేగంతో కూడా కొన్ని దృశ్యాలు తీసి పెట్టుకోండి. అప్పుడు షట్టర్ సెకనులో 50వ వంతు ఉండాలి. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి, షట్టర్ వేగం దానికి కుదరకపోతే ట్యూబులైట్ల వెలుగు తెరపై చారలుగా పాకే ప్రమాదం ఉంది.

శబ్దాన్ని వేరే ఫోనులో రికార్డు చేయండి. దాని వేగం పెంచకండి. తెరపై గంట పరుగెడుతుంటే, మైకులో ప్రకటన తీరుబడిగా నడవాలి. నేపథ్య సంగీతం మాత్రం వద్దు, అది చూసేవాళ్లకు ఎప్పుడు బాధపడాలో చెప్పేస్తుంది.

ప్రదర్శనలో వీడియో ఆగకుండా తిరుగుతుంటుంది కనుక, మొదటి ఫ్రేములోనూ చివరి ఫ్రేములోనూ బెంచీ ఖాళీగా ఉంటే అతుకు కనిపించదు. తెర ముందు కుర్చీలు వేయడం మరవకండి. నిలబడి చూసేవాళ్లు ఎక్కువసేపు ఉండరు.