మందు సీసా, కట్టుడు పళ్లు: మూకీ హాస్యచిత్రాలను చూడవలసిన తీరు

బలం మందు మీదా, పొసగని భార్యాభర్తల మీదా మూకీల కాలంలో ఎన్నో హాస్యచిత్రాలు వచ్చాయి. వాటిని కొత్తగా చూడబోయేవారు మాక్స్ లిండర్ 1911లో ఫ్రాన్సులో నటించిన ‘మాక్స్, విక్తీమ్ ద్యు కాంకినా’తో మొదలుపెట్టి, ఆ తరువాత అమెరికా హాస్యనటుడు చార్లీ చేజ్ 1926 నాటి ‘మైటీ లైక్ ఎ మూస్’ చూడడం మంచిది.

ముందుగా వేగం సరిచూసుకోవాలి. ఆనాడు కెమెరాను చేతితో తిప్పేవారు కనుక, సెకనుకు సుమారు 16 ఫ్రేములతో తీసిన పాత చిత్రాన్ని నేటి 24 ఫ్రేముల వేగంతో ఆడిస్తే మనుషులు కీలుబొమ్మల్లా గెంతుతారు, నటుడి ముఖంలో ఆలోచన మెదిలే క్షణం మన కంటికి అందకుండా పోతుంది. అలా కనిపించినప్పుడు యూట్యూబులో వేగాన్ని 0.75కు తగ్గించి, సాగదీసినట్టు వినిపించే సంగీతాన్ని ఆపేయండి. అయితే 1920ల నాటి హాస్యనటులు కావాలనే కాస్త జోరు పెంచేవారు కాబట్టి రెండవ చిత్రాన్ని తగ్గించనక్కర లేదు.

మొదటి చిత్రంలో నీరసించిన మాక్స్‌కు వైద్యుడు సింకోనా బెరడు కలిపిన ద్రాక్షసారాయి రాసిస్తాడు. ఈ బెరడులోని క్వినైన్ మలేరియాకు నిజంగా పనిచేసేదే, కానీ సీసాలో ఎక్కువ భాగం సారాయే. అమెరికాలోనైతే, సీసా మీద ఆల్కహాలు పాళ్లు తప్పక చూపాలన్న చట్టం 1906లో గానీ రాలేదు. మన భాషలో ‘మందు’ అన్న ఒక్క మాటకే ఔషధమనీ మద్యమనీ రెండర్థాలు ఉన్నందువల్ల ఈ కథ తెలుగువారికి ఇట్టే పట్టుబడుతుంది. మాక్స్ చేతిలోని గ్లాసు ఎంత పెద్దదో గమనించండి, తరువాత అతని జేబులో చేరే విజిటింగు కార్డుల మీద కన్ను వేసి ఉంచండి. మత్తులో ఉన్న అతన్ని ఏ ఇంటికి చేర్చాలో పోలీసులు ఆ కార్డులు చూసే నిర్ణయిస్తారు.

పెద్దవారితో కలిసి చూసేటప్పుడు, తెర మీది అక్షరాలు వచ్చినచోట ఆపి తెలుగులో చెప్పండి. మూకీల రోజుల్లో మన హాళ్లలోనూ అలా కథ చెప్పేవారు ఉండేవారు.

రెండవ చిత్రంలో ఎత్తుపళ్ల భర్త, పెద్ద ముక్కు భార్య ఒకరికి తెలియకుండా ఒకరు తమ లోపాలను సరిచేయించుకుని, ఎదురుపడినా గుర్తుపట్టలేక, పరాయివారమనుకునే ఆకర్షణలో పడతారు. చివర్లో భర్త, తానూ ఆ పరాయివాడూ వేర్వేరని భార్యను నమ్మించడానికి, ఎత్తుగా ఉండే కట్టుడు పళ్లు పెట్టుకుంటూ, తీసేస్తూ తనతో తానే కొట్లాడే ఘట్టాన్ని రెండుసార్లు చూడాలి. మొదటిసారి నవ్వుకోండి. రెండవసారి ఆ పళ్లు ఏ క్షణంలో నోట్లోకి వెళ్తున్నాయో, ఏ క్షణంలో బయటికి వస్తున్నాయో మాత్రమే కనిపెట్టి చూడండి.