గేదె పాలు పితకడం ఎలా? ముందు దాన్ని చేపనివ్వండి

శుభ్రంగా తోమిన స్టీలు బకెట్, గోరువెచ్చటి నీళ్లు, పొడి గుడ్డ చాలు. ప్లాస్టిక్ బకెట్ వద్దు, ఎంత తోమినా వాసన పోదు. గోళ్లు తీసుకోండి. గేదెను గుంజకు కట్టి, తవుడు, పత్తి చెక్క కలిపి ముందు పెట్టి, పొదుగు కడిగి తుడవండి. ఇక్కడిదాకా ఎవరైనా చేస్తారు.

అందరూ పాడుచేసేది తర్వాతే. ఆవుకైతే పొదుగు కింది భాగంలో కొన్ని పాలు నిలవ ఉంటాయి, గేదెకు దాదాపు అన్నీ పైన గ్రంథుల్లోనే, అది చేపితే, అంటే పాలు కిందికి వదిలితే తప్ప చన్నుల్లోకి దిగవు. కాబట్టి దూడను వదిలి నాలుగు చన్నులూ కుడవనివ్వండి. అది మూతితో పొదుగును కుమ్ముతూ ఉంటే, అప్పటిదాకా వడలినట్టున్న చన్నులు నిండి బిగుస్తాయి, దూడ మూతి పక్కన తెల్లటి నురగ కనిపిస్తుంది. అప్పుడు దూడను లాగి తల్లి కళ్లెదుటే కట్టేయండి. దీనికి రెండు నిమిషాలు పట్టొచ్చు, కొన్నింటికి ఇంకా ఎక్కువే. ఆ కాసేపూ అరవొద్దు, తోక మెలిపెట్టొద్దు, కుక్కను రానివ్వొద్దు. బెదిరిందా, ఎగచేపుకుంటుంది, అంటే పాలు వదలకుండా బిగబట్టేస్తుంది. పక్కింటి పెళ్లి టపాసులకు బెదిరి మా గేదె రెండు పూటలు బకెట్ అడుగు కూడా తడపలేదు.

ఆ కాస్త ఓపిక లేక కొందరు పాలు దింపే హార్మోన్, ఆక్సిటోసిన్ సూది వేస్తారు. దయచేసి ఆ పని చేయకండి. అలవాటు పడ్డ గేదె సూది లేనిదే చేపదు, పూటపూటా ఆ పోటు దానికెందుకు? దూడ ఉండగా సూదితో పనే లేదు.

చేపాక మాత్రం ఆగొద్దు, ఆ ఊపు ఉండేది ఐదారు నిమిషాలే. ఫోన్ మోగినా లేవకండి. మొదటి రెండు ధారలు నల్లగుడ్డ మీద పిండి చూడండి, తరకలు కనిపిస్తే పొదుగువాపు, పశువుల డాక్టర్‌ని పిలవాలి. పిడికిలితోనే పితకాలి: బొటనవేలు, చూపుడువేలుతో చన్ను మొదలు బిగించి, మిగతా వేళ్లు పైనుంచి కిందికి వరసగా నొక్కాలి. బొటనవేలు మడిచి లాగితే చన్ను దెబ్బతింటుంది. వేళ్లు పాలలో ముంచి తడి చేసుకోవడం కూడా మానండి, పొడిచేత్తోనే బాగా వస్తాయి.

ఒక చన్ను దూడకు వదిలేయండి, అది దాని వాటా. దూడ కుడిచాక గేదెకు పచ్చిగడ్డి వేసి అరగంట నిలబడేలా చూడండి. చన్ను రంధ్రం మూసుకోకముందే పేడలో పడుకుంటే జబ్బు లోపలికి పోతుంది.