కూబర్ పీడీలో కాపురం పెట్టేవాళ్ళకి

ఆస్ట్రేలియాలోని అడిలైడ్ నుంచి ఉత్తరానికి దాదాపు 850 కిలోమీటర్లు వెళ్తే, స్టువర్ట్ హైవే మీద కూబర్ పీడీ అనే గనుల ఊరు వస్తుంది. ఉద్యోగం పనిమీద అక్కడ కొన్నాళ్ళు ఉండాల్సి వస్తే, డగౌట్ దొరికితే కళ్ళు మూసుకుని తీసుకోండి. గుట్టను తొలిచి చేసిన ఇల్లు అది, వేసవిలో బయట నీడలోనే 45 డిగ్రీలు దాటినా లోపల ఇరవై నాలుగు దగ్గరే ఉంటుంది, కరెంటు బిల్లు టెన్షన్ సగం తీరిపోతుంది.

అద్దెకి ఒప్పుకునే ముందు లోపల గోడ మీద ఓసారి చెయ్యి రాసి చూడండి. పైపూత వెయ్యకపోతే ఆ ఇసుకరాయి పొడి రాలుతూనే ఉంటుంది. గదుల నుంచి పైకి గాలిగొట్టాలు ఉన్నాయో లేదో అడగండి, వంటగది మాత్రం వాకిలి పక్కనే ఉండేలా చూసుకోండి, లేకపోతే మన పోపు ఘాటు పడగ్గది దాకా పోయి అక్కడే కూర్చుంటుంది. కిటికీల్లేని పడగ్గదిలో తెల్లారిందో లేదో తెలీదు కాబట్టి అలారం తప్పనిసరి.

నీళ్ళు ఊరికి 24 కిలోమీటర్ల దూరంలోని బోరు నుంచి వస్తాయి, ఆ ఉప్పునీటిని శుద్ధి చేసి ఇస్తారు, అందుకే ఖరీదెక్కువ. బియ్యం కడిగిన నీళ్ళు కూడా పారబోయకండి, మొక్కలకి పొయ్యండి. కందిపప్పు, కారం, పచ్చళ్ళు అడిలైడ్‌లోనే కొనుక్కుని బయల్దేరండి. ఈగలు ముసురుతాయి, ముఖానికి వల ఉన్న టోపీ కొనండి.

అన్నిటికన్నా ముఖ్యం గోతులు. 1915లో ఇక్కడ నగల్లో పొదిగే ఓపల్ అనే రంగురాయి దొరికినప్పటినుంచి తవ్వుతూనే ఉన్నారు, తవ్వినవాటిలో చాలావాటిని పూడ్చకుండా వదిలేశారు. మనిషి పట్టేంత వెడల్పు, బావి అంత లోతు, చుట్టూ కంచె ఉండదు. ఫోటో కోసం వెనక్కి అడుగులు వెయ్యొద్దు, చీకటి పడ్డాక గనుల వైపు అసలు వెళ్ళొద్దు, పిల్లల చెయ్యి వదలొద్దు. హెచ్చరిక బోర్డులు పర్యాటకుల సరదా కోసం పెట్టినవి కావు, దయచేసి నమ్మండి.

ఓపల్ ముక్కల కోసం మట్టి గుట్టలు వెతకడాన్ని అక్కడివాళ్ళు నూడ్లింగ్ అంటారు. సరదాగా ఉంటుంది, వెళ్ళండి, కానీ జనం కోసం వదిలిన చోటే వెతకండి. గుర్తుకర్రలు పాతిన జాగా ఒకరి బతుకుదెరువు, ఆ మనిషిని అడక్కుండా అందులో అడుగు పెట్టకూడదు.