టెండర్‌లో అనర్హత వేటు పడిందా? హైకోర్టులో రిట్ వేసే విధానం

ప్రభుత్వ టెండర్‌లో సాంకేతిక బిడ్ల (అర్హత పత్రాల) పరిశీలన ముగిసి పోర్టల్‌లో మీ సంస్థ పేరుకు ఎదురుగా ‘అనర్హత’ అని కనిపించిందంటే, గడియారం అప్పటికే నడుస్తున్నట్లు లెక్క. ధరల బిడ్లు తెరిచి, వేరొకరితో ఒప్పందం కుదిరి, పనులు మొదలయ్యాక కోర్టుకెక్కితే వాదనలో బలమున్నా పని చేజిక్కడం కష్టం.

ముందుగా కారణం రాతపూర్వకంగా రాబట్టండి. టెండర్ పిలిచిన అధికారికి ఈమెయిల్‌లోనూ పోర్టల్‌లోనూ వెంటనే అభ్యంతరం పంపి, మూల్యాంకన పత్రం అడగండి. కేంద్ర శాఖలు పాటించే 2017 సాధారణ ఆర్థిక నియమావళిలోని 173వ నియమం, బిడ్ తిరస్కరణను ప్రశ్నించే వీలు టెండర్ పత్రంలోనే ఉండాలంటుంది. ఫోనులో చెప్పిన కారణం కోర్టులో అక్కరకు రాదు. రాతలో వచ్చిన కారణం మాత్రం అధికారినీ కట్టేస్తుంది: ఉత్తర్వులో లేని కారణాలను తర్వాత కౌంటర్ అఫిడవిట్‌లో (కోర్టుకిచ్చే ప్రమాణపూర్వక జవాబులో) కొత్తగా చేర్చి దాన్ని నిలబెట్టుకోలేరని మొహిందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

ఆ కారణం చూశాక, కేసు ఉందో లేదో నిజాయితీగా తేల్చుకోవాలి. ‘మా ధరే తక్కువ’ అన్న ఒక్క వాదనతో రిట్ (అధికారుల చర్యను ప్రశ్నిస్తూ హైకోర్టులో వేసే పిటిషన్) నిలవదు. నిర్ణయం సరైనదా అని కాదు, దాన్ని తీసుకున్న తీరు సరిగా ఉందా అని కోర్టు చూస్తుందని 1994 నాటి టాటా సెల్యులార్ తీర్పు స్థిరపరచింది. దురుద్దేశం, పక్షపాతం, నోటీసులో లేని షరతుతో వేటు, ఒకే లోపాన్ని ఒకరికి మన్నించి మరొకరికి మన్నించకపోవడం వంటివి చూపగలగాలి. ధరావతును (బిడ్‌తో పాటు కట్టే హామీ సొమ్మును) నగదుగా గానీ స్టేట్ బ్యాంకు డ్రాఫ్టుగా గానీ ఇవ్వాలన్న టెండర్‌లో ఒక బిడ్డరు యూనియన్ బ్యాంకు చెక్కు ఇస్తే, అది కీలక షరతు కాదని 1991లో పొద్దార్ స్టీల్ కేసులో సుప్రీంకోర్టు ఆ బిడ్ ఆమోదాన్ని సమర్థించింది. అది చదివి మురిసిపోకండి. అక్కడ ఆ లోపాన్ని మన్నించింది టెండర్ పిలిచిన సంస్థే. షరతుకు అర్థం చెప్పడంలో పత్రం తయారుచేసిన సంస్థ మాటకే మొగ్గు చూపాలని 2016 నాటి ఆఫ్కాన్స్ తీర్పు అంటోంది.

పిటిషన్ రాజ్యాంగంలోని 226వ అధికరణ కింద వేయాలి. సంస్థ తరఫున సంతకం చేసేవారికి అధికార తీర్మానం, న్యాయవాదికి వకాలత్, ప్రమాణ అఫిడవిట్ తప్పనిసరి. టెండర్ నోటీసు, సవరణలు, ప్రీబిడ్ సమావేశ జవాబులు, మీ బిడ్, తిరస్కరణ, మీ అభ్యంతరం తేదీల వరుసలో జతచేయండి. సంబంధిత శాఖతో పాటు, ఎంపికైన బిడ్డరు ఎవరో తెలిసి ఉంటే వారినీ ప్రతివాదిగా చేర్చాలి. చాలామంది జారిపోయేది ఇక్కడే. తన మాట వినకుండా తన ఒప్పందం ఎలా రద్దు చేస్తారని ఆ బిడ్డరు అడిగితే జవాబుండదు. మీకు నచ్చని విషయాన్ని దాచి వేసిన పిటిషన్‌ను ఆ ఒక్క కారణంతోనే కొట్టేయవచ్చు.

ధరల బిడ్లు తెరవకుండా ఆపాలని మధ్యంతర దరఖాస్తు కూడా పెట్టండి. గడువు మరీ దగ్గరపడితే లంచ్ మోషన్‌కు (అదే రోజు భోజన విరామం తర్వాత అత్యవసర విచారణకు) అనుమతి కోరవచ్చు. అయితే రోడ్లు, వంతెనల వంటి మౌలిక వసతుల పనుల్లో స్టే సులభంగా దొరకదు. నిర్దిష్ట ఉపశమన చట్టానికి 2018లో చేసిన సవరణ స్ఫూర్తితో, అలాంటి టెండర్లలో పని ఆపకుండా నష్టపరిహారం వైపు చూడాలని 2022లో ఎన్.జి. ప్రాజెక్ట్స్ కేసులో సుప్రీంకోర్టు హైకోర్టులకు సూచించింది.

నల్లజాబితాలో పెట్టారంటే సంగతి వేరు. అక్కడ మీ పట్టు గట్టిది. ముందస్తు నోటీసు ఇవ్వాలి, అందులో నల్లజాబితా చర్య ప్రతిపాదన స్పష్టంగా కనిపించాలి అని 2014 నాటి గోర్ఖా సెక్యూరిటీ తీర్పు చెబుతోంది. అలాంటి ఉత్తర్వు వస్తే ఒక్క టెండర్ పోయిందని ఊరుకోకుండా, దాని అమలు నిలిపేయాలని విడిగా కోరండి. లేదంటే ఈ కేసు తేలేలోపు వేసే ప్రతి బిడ్‌లోనూ ఆ విషయం వెల్లడించాల్సి రావచ్చు.