మన పొదలు – 5వ పాఠం: తంగేడుకు చెవులుంటాయి

మీ ఊళ్లో ఒక తంగేడు పొదను వెతికి ఫోటో తీయమని పోయిన పాఠంలో అడిగాను. వచ్చిన వాటిలో చాలా వరకు సీమతంగేడు ఫోటోలే. కొన్ని కసివింద అనే పసుపు పూల కలుపు మొక్కవి. ఒకరు పచ్చగన్నేరును తంగేడు అనుకున్నారు. పచ్చగన్నేరు విషపు మొక్క. తంగేడు పూలు ఎండబెట్టి కషాయం కాచుకునే ఇళ్లున్నాయి కాబట్టి దీన్ని చిన్న పొరపాటని వదిలేయలేను. ఈరోజు చెప్పాల్సిన విత్తనాల సంగతి తర్వాత చూద్దాం, మళ్లీ తంగేడు దగ్గరికే పోదాం.

ఫోటోలన్నిట్లో పువ్వొక్కటే ఉంది, వెనకంతా మసక. పసుపు రంగు, ఐదు రేకులు చూసి తంగేడు అనేశారు. ఆ రెండూ సీమతంగేడుకూ ఉన్నాయి, కసివిందకూ ఉన్నాయి, తగిరిస అనే మరో కలుపు మొక్కకూ ఉన్నాయి. పైగా బతుకమ్మ రోజుల్లో తంగేడు విరగబూస్తుంటే రోడ్డు పక్కన సీమతంగేడు కూడా పూస్తుంటుంది. దయచేసి పువ్వుతో మొదలుపెట్టకండి.

ఆకు కాడ కొమ్మను అంటుకునే చోట చూడండి. కాడకు రెండు పక్కలా గుండ్రటి చిన్న రెక్కలు, అచ్చం చెవుల్లా ఉంటాయి. ఆకు ముదిరినా రాలిపోవు. సెన్నా ఆరిక్యులేటా అనే శాస్త్రీయ నామంలో రెండో మాటకు చెవులున్నది అనే అర్థం. ఆ తర్వాత ఆకు నడిమి ఈనె మీదికి రండి. ఈనెకు అటూ ఇటూ జతలుగా ఉండే చిన్న ఆకులు చిట్టాకులు, వాటి ప్రతి జత మధ్యా ఒక సన్నటి మొటిమ నిక్కి ఉంటుంది. భూతద్దం అక్కర్లేదు, గోటికి తగులుతుంది. సీమతంగేడు ఈనె మీద అవి ఉండవు. కసివిందకు ఒక్కటే, అదీ కాడ మొదట్లో. తగిరిసకు చిట్టాకులు మూడే జతలు, అక్కడే తేలిపోతుంది. తంగేడుకు మామూలుగా ఎనిమిది నుంచి పన్నెండు జతలు.

నేనైతే ఆకు కంటే ముందు చోటు చూస్తాను. సీమతంగేడు ఆగ్నేయాసియా నుంచి వచ్చిన చెట్టు. నీడ కోసం రోడ్ల వెంట నాటారు, పూలు చూడాలంటే తలెత్తాలి. తంగేడు పొద, ఎక్కువగా మన నడుముకో తలకో అందే ఎత్తులో ఉంటుంది. మన దేశంలోనూ శ్రీలంకలోనూ వాన తక్కువ పడే చోట్లు దాని సొంత నేల. ఎర్ర చెల్క, గుట్ట వాలు, బీడు, చెరువు కట్ట, ఎక్కడైనా ఎండ మాత్రం నిండుగా పడాలి. దట్టమైన నీడలో వెతికి టైం పాడుచేసుకోకండి. పక్కన రేగు, వాక్కాయ పొద, జిల్లేడు కనిపిస్తే సరైన చోటికి వచ్చారన్నమాట. పశువులు దీన్ని పెద్దగా ముట్టవు, అందుకే మేత బీడులో కూడా మిగులుతుంది. బెరడుతో తోళ్లు పదును చేసేవారు, రొట్టను ఎరువుగా మళ్లలో తొక్కేవారు. 2014లో తెలంగాణ దీన్ని రాష్ట్ర పుష్పంగా ప్రకటించింది. పండుగ పూట కోసుకొచ్చే పువ్వుకు ఆ బీడు కూడా మిగలాలని నా కోరిక. ప్లాట్లు చేసినప్పుడు మొదట పోయేవి ఈ పొదలే.

పువ్వు గురించి ఒక్క మాట. అందులో తేనె ఉండదు. పుప్పొడి కేసరాల కొనన ఉన్న రంధ్రంలోంచి రావాలి. నల్ల తుమ్మెద పువ్వును పట్టుకుని ఝుమ్మని అదిరిస్తే అది రాలుతుంది. పొద్దున్నే పొద దగ్గర నిలబడితే ఆ చప్పుడు వినిపిస్తుంది.

కాయ పలచగా, కాగితంలా ఉంటుంది. దాని సంగతి విత్తనాల పాఠంలో.

అభ్యాసం: ఒకే పొద దగ్గరికి పది రోజులు పొద్దున్నే వెళ్లండి. ఒక మొగ్గకు దారం కట్టి అది ఏ రోజు విచ్చింది, రేకులు ఏ రోజు రాలాయి, కాయ కట్టిందా లేదా రాయండి. చుట్టూ ఇరవై అడుగుల్లో ఏ మొక్కలున్నాయో రాయండి, పేరు తెలియకపోతే ఆకు బొమ్మ వేయండి. పదో రోజు కళ్లు మూసుకుని, వేళ్లతో చెవులు, మొటిమలు తడిమి చూడండి. కొమ్మ తెంపి ఇంటికి తీసుకెళ్లి మాత్రం చూడొద్దు, వాడిపోతే చెవులు ముడుచుకుంటాయి.