సెట్టూ దుస్తులూ: సినిమా కళా విభాగంలోకి రావాలనుకునేవారికి

తెలుగు సినిమాలో కళా దర్శకత్వం, దుస్తుల రూపకల్పన సాధారణంగా వేర్వేరు విభాగాలు. ఒకే వ్యక్తి రెండింటినీ చేపట్టడం అరుదే గాని అసాధ్యం కాదు. ఆస్ట్రేలియాకు చెందిన కేథరిన్ మార్టిన్ ‘మూలాన్ రూజ్’ (2001), ‘ది గ్రేట్ గ్యాట్స్‌బీ’ (2013) చిత్రాలకు రెండు విభాగాల్లోనూ ఆస్కార్లు అందుకున్నారు. మీరు చివరికి ఏ వైపు వెళ్లినా, నేర్చుకోవలసిన మొదటి పని మాత్రం ఒక్కటే. అది స్క్రిప్టును వస్తువుల పట్టికగా చదవడం.

సాధన కోసం 1940ల నాటి ఓరుగల్లులో జరిగే పెళ్లింటి సన్నివేశాన్ని మీరే ఒక పేజీ రాసుకోండి. తర్వాత పెన్సిలు పట్టుకుని, అందులో కంటికి కనిపించే ప్రతి వస్తువునూ వేరే కాగితం మీదికి ఎక్కించండి. కట్నం లెక్కపెట్టే చోట ఏ నాణేలు ఉండాలన్న ప్రశ్న వెంటనే ఎదురవుతుంది, ఎందుకంటే నిజాం రాజ్యంలో హాలీ సిక్కా అనే సొంత నాణెం చెలామణిలో ఉండేది. పెళ్లికూతురు చీర నేత చీరే అయి ఉండాలి. పాలిస్టర్ మెరుపు ఒక్క క్షణం కనిపించినా కాలం చెదిరిపోతుంది. ఇది పాత కథలకే పరిమితమైన చిక్కు కాదు. 2016లో హైదరాబాదులో జరిగే కథలో కొత్తగా కొన్న కారుకు టీఎస్ నంబరు ఉండాలి గాని, 2024 మార్చిలో మొదలైన టీజీ నంబరు ఉండకూడదు. ప్రేక్షకులు గమనించరులే అని సీనియర్లు కొందరు అంటుంటారు. నాకు ఆ మాట ఎప్పుడూ నచ్చలేదు.

చదువు విషయానికి వస్తే, పుణేలోని ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో కళా దర్శకత్వానికి ప్రత్యేక కోర్సు ఉంది. దుస్తుల వైపు వెళ్లేవారికి హైదరాబాదులోనే నిఫ్ట్ (జాతీయ ఫ్యాషన్ టెక్నాలజీ సంస్థ) ఉంది. డిగ్రీ లేకుండా వచ్చి నిలదొక్కుకున్నవారూ చాలామందే ఉన్నారు గాని, బొమ్మ గీయడం రాకుండా నిలబడడం కష్టం. ‘గాంధీ’ చిత్రానికి 1983లో జాన్ మోలోతో కలిసి ఆస్కార్ అందుకున్న భాను అథైయా చిత్రకళ చదువుకుని వచ్చినవారే. అయితే అందమైన నీటిరంగుల చిత్రం దర్శకుణ్ణి ఒప్పించడానికే పనికొస్తుంది. దాన్ని చూసి వడ్రంగి మేస్త్రి తలుపు చేయలేడు. అతనికి అడుగులు, అంగుళాలు వేసిన ప్లాను కావాలి, ఏ గోడను కెమెరా కోసం తీసేయాల్సి ఉంటుందో అందులో గుర్తు ఉండాలి.

ఆరంభంలో అసిస్టెంటుగా చేరడమే మార్గం. యూనియన్ సభ్యత్వం, రుసుముల నియమాలను ఆ విభాగంలో పనిచేస్తున్నవారినే అడిగి తెలుసుకోండి. సభ్యత్వం ఇప్పిస్తామని డబ్బు అడిగే మధ్యవర్తులను నమ్మకండి. మొదటి నెలల్లో మీకు దక్కేది సామాన్లు అద్దెకు తేవడం, తిరిగి అప్పగించడం, రసీదులు దాచడం వంటి పనులే. వాటిని చిన్నచూపు చూడకండి. ఏ దుకాణంలో పాత గ్రామఫోను దొరుకుతుందో, ఏ అద్దకందారు రెండు రోజుల్లో బట్టకు రంగు మారుస్తాడో తెలిసిన అసిస్టెంటును ఏ డిజైనరూ వదులుకోడు.

దుస్తుల విభాగంలో డిజైనరు, కాస్ట్యూమరు వేర్వేరని కూడా గ్రహించాలి. రూపకల్పన డిజైనరుది, షూటింగులో ఆ బట్టలను ఇస్త్రీ చేయించి, వేళకు అందించి, భద్రపరిచేది కాస్ట్యూమరు. వాన, రక్తం, పోరాటం ఉన్న సన్నివేశానికి ఒకే చొక్కాను నాలుగైదు ప్రతులు కుట్టించాలి, డూప్ కొలతలకు మరొకటి కావాలి. గ్రీన్ మ్యాట్ (తర్వాత కంప్యూటరులో వేరే దృశ్యం చేర్చడానికి వెనక కట్టే ఆకుపచ్చ తెర) ముందు తీసే సన్నివేశమైతే ఆకుపచ్చ చీరను ముందే పక్కన పెట్టించాలి. సన్నటి గీతల బట్ట తెర మీద అలలు అలలుగా కదులుతున్నట్టు కనిపించవచ్చు గనుక కెమెరా పరీక్ష చేయకుండా ఖాయం చేయకూడదు.

అన్నిటికంటే ఓర్పు కోరేది కంటిన్యుటీ, అంటే ఒక షాటుకూ మరో షాటుకూ మధ్య దుస్తులూ వస్తువులూ మారిపోకుండా చూసుకోవడం. కథలోని మూడో రోజు సాయంత్రాన్ని షూటింగులో మొదటి రోజు ఉదయమే తీయవచ్చు. అందుకే కథలోని రోజులకు వరుస సంఖ్యలు వేసి, ప్రతి సన్నివేశం పక్కన పాత్ర దుస్తులను, మడిచిన చొక్కా చేతులను, మరక ఉన్న చోటును రాసుకోవాలి, ప్రతి షాటు తర్వాత ఫోటో తీయాలి. షూటింగు పూర్తవగానే ప్రొడక్షన్ వారు బట్టలన్నీ మూటకట్టి లాండ్రీకి పంపించేయమంటారు. ఎడిటింగ్ ముగిసి, ప్యాచ్‌వర్క్ (తర్వాత విడిగా తీసి అతికే చిన్న షాట్లు) ఏదీ మిగల్లేదని దర్శకుడు తేల్చి చెప్పేదాకా ఆ మరకల చొక్కాను మాత్రం ఉతకనివ్వకండి.