టీచర్ పోస్టింగ్ మీద రిట్ వేసే ముందు

నల్లగొండ, పాలమూరు నుంచి డీఎస్సీ నియామకం మీద హైకోర్టుకు పోదామనుకునేవాళ్లు ముందు ఇవి చూసుకోండి.

– కేసు ఎవరి పేరు మీద? ఆ పోస్టుకు పోటీపడి నష్టపోయినవాళ్లే వేయాలి. ఊరి పెద్దమనిషో సంఘం లీడరో పిల్ (ప్రజాప్రయోజన వ్యాజ్యం) వేస్తే ఫీజు దండగే, సర్వీసు (ఉద్యోగ) విషయాల్లో పిల్ నిలవదని సుప్రీంకోర్టు 1998లోనే దుర్యోధన్ సాహు కేసులో చెప్పేసింది. అర్హతే లేనివాళ్లకు ఇచ్చారంటే కో వారంటో (ఏ అర్హతతో ఆ పదవిలో ఉన్నావని కోర్టు అడిగే రిట్) దారి ఉంది, కానీ ఏ రూల్ తప్పారో చూపాలి.

– ఉద్యోగం వచ్చినవాళ్లను ప్రతివాదులుగా చేర్చండి. వాళ్ల వాదన వినకుండా నియామకం రద్దు చేయరు.

– నోటిఫికేషన్ మీదే అభ్యంతరముంటే పరీక్షకు ముందే వెళ్లాలి. రాసి, ర్యాంకు రాకపోయాక రూలే తప్పంటే మామూలుగా ఒప్పుకోరు (ఎక్కువమంది చేసేది ఇదే మరి).

– ఆలస్యం వద్దు. కలెక్టరేట్‌లో అర్జీ మీద అర్జీ పెడితే టైమ్ పెరగదు.

– మెరిట్ లిస్టు, రోస్టర్ (ఏ పోస్టు ఏ రిజర్వేషన్‌కో చూపే పట్టిక) చేతిలో ఉండాలి, అనుమానం సాక్ష్యం కాదు.